పులి-మేకతో మొదలుపెట్టండి



వీడియో గేములు ఆడే పిల్లల గురించి మనం చాలా మాటలు విన్నాం. ఈ పూట వాటిని తయారుచేయాలని కోరుకునే పిల్లల గురించి చెప్తాను. అలాంటి పిల్లలు హైదరాబాద్‌లోనే ఉంటారనుకోవద్దు. పిట్లంలో ఉన్నారు, బిచ్కుందలో ఉన్నారు, మద్నూర్‌లో, జుక్కల్‌లో ఉన్నారు. "ఈ గేములు ఎవరు చేస్తరు సార్? మనం గూడ చేయొచ్చా?" అని అడుగుతారు. పక్కనే ఉన్న తల్లో తండ్రో వెంటనే అందుకుంటారు: "గేములు చేస్తే అన్నం దొరుకుతదా?" రెండూ అడగాల్సిన ప్రశ్నలే. ముందు పిల్లల ప్రశ్నకు జవాబు చెప్పి, తల్లిదండ్రుల దగ్గరికి తరువాత వస్తాను.

చేయొచ్చు. కాకపోతే ఏ ఆటతో మొదలుపెడతారన్నది ముఖ్యం. ఫోన్‌లో రోజూ ఆడే ఫ్రీ ఫైర్ లాంటిదే చేద్దామని కూర్చుంటే నెల తిరగకముందే విసుగొచ్చి వదిలేస్తారు. అలాంటి ఆట వెనక వందలమంది పని ఉంటుంది, ఏళ్ల కాలం ఉంటుంది, కోట్ల పెట్టుబడి ఉంటుంది. మీ మొదటి ఆట ఒక్కరు చేయగలిగేంత చిన్నదై ఉండాలి. చివరిదాకా చేసి ముగించగలిగేదై ఉండాలి. ఈ రెండో మాట మీద నాకు పట్టుదల ఎక్కువ. ఉద్యోగం ఇచ్చేవాళ్లు మార్కుల మెమో కన్నా ముందు అడిగేది "ఏ ఆట పూర్తి చేశావు, చూపించు" అనే.

అంత చిన్న ఆట కోసం ఎక్కడికో పోనక్కర్లేదు. మన పెద్దలు బండ మీద సుద్దతోనో బొగ్గుతోనో పటం గీసుకుని ఆడిన పులి-మేక ఉంది. పులిజూదం అని కూడా అంటారు. పాత గుళ్లలో అరుగుల మీద ఆ పటం చెక్కి ఉండటం మీలో చాలామంది చూసే ఉంటారు. త్రిభుజం లాంటి పటం. గీతలు కలిసే చోట్లు 23. ఒకరికి 3 పులులు, ఇంకొకరికి 15 మేకలు. పులి తన పక్కనున్న మేక మీదుగా అవతలి ఖాళీలోకి దూకితే ఆ మేక చచ్చినట్టు. మేకలకు చంపే బలం లేదు, కాని పులుల్ని చుట్టుముట్టి కదలకుండా కట్టేయగలవు. మేకల్ని ఒక్కొక్కటిగా పటం మీద పెట్టాలి, అన్నీ పెట్టేదాకా ఏ మేకనూ జరపకూడదు. ఊరు మారితే నియమం కొంత మారుతుంది గాని అసలు కట్టు ఇదే.

ఇందులోని నేర్పు ఒక్కసారి ఆలోచించండి. చదరంగంలో ఇద్దరికీ అవే పావులు, అదే బలం. పులి-మేకలో ఒకరిది బలం, మరొకరిది మంద. అయినా ఆట ఒకవైపే ఒరిగిపోకుండా రంజుగా సాగుతుంది. మేకలు 20 ఉంటే 3 పులులతో కలిపి 23 చోట్లూ నిండిపోతాయి, ఇక ఆటే లేదు. మరీ తగ్గిస్తే పులుల్ని కట్టేయడానికి మేకలు చాలవు. 15 అన్న లెక్కను పేరు తెలియని మన పెద్దలు తరాలపాటు ఆడి ఆడి తేల్చారు. పెద్ద కంపెనీల్లో గేమ్ డిజైనర్ అనే ఉద్యోగి రోజంతా తల పట్టుకుని చేసే పని ఇలాంటి లెక్కలు తేల్చడమే. శత్రువుకు ఎంత బలం ఇవ్వాలి, ఆటగాడికి ఎన్ని ప్రాణాలు ఇవ్వాలి, ఎక్కడ కష్టం పెంచాలి, ఎక్కడ ఊపిరి తీసుకోనివ్వాలి. ఆ విద్యకు మొదటి పాఠం మన అరుగుల మీదే ఉంది.

దీన్ని కంప్యూటర్‌లోకి ఎక్కించాలంటే ఏం చేయాలి? 23 చోట్లకూ 0 నుంచి 22 దాకా అంకెలు వేయండి. ఆ చోటు ఖాళీగా ఉంటే 0, మేక ఉంటే 1, పులి ఉంటే 2 అని గుర్తు పెట్టుకోండి. ఇప్పుడు పటం మొత్తం 23 అంకెల వరుస అయిపోయింది. తరువాత కాగితం మీద రెండు పట్టికలు రాయాలి. గీత వెంబడి ఏ చోటు నుంచి ఏ చోటుకు జరగొచ్చో మొదటి పట్టిక. ఎక్కడి నుంచి, ఏ చోటు మీదుగా, ఎక్కడికి దూకొచ్చో రెండో పట్టిక. పులి దూకు సరైనదేనా అని కంప్యూటర్ ఎలా తేలుస్తుంది? ఆ దూకు రెండో పట్టికలో ఉందా, మధ్య చోట 1 ఉందా, అవతల 0 ఉందా అని చూస్తుంది. మూడింటికీ అవునంటే దూకనిస్తుంది. ఈ పట్టికలు రాయడానికి కంప్యూటరే అక్కర్లేదు, నోట్‌బుక్కు, పెన్సిలు చాలు. కోడ్ రాయడం ఆ తరువాతి సంగతి. చాలామంది పిల్లలు ఈ పట్టిక రాయకుండానే నేరుగా కోడ్‌లోకి దిగి చిక్కుబడిపోతారు.

ముందు ఇద్దరు మనుషులు ఒకే ఫోన్ మీద వంతులవారీగా ఆడుకునేలా చేయండి. అది సరిగ్గా నడిచాక, పులుల పక్షాన కంప్యూటరే ఆడేలా చేయాలి. మొదట పులి తోచినట్టు పోతుంది. వీలైన కదలికల్లో ఏదో ఒకటి తీసుకుంటుంది. ఆ తరువాత దానికి ఆకలి నేర్పుతారు: మేక దొరికితే దూకు, లేకుంటే జరుగు. చివరికి ముందుచూపు నేర్పాలి. నేను ఇటు పోతే మేకలవాళ్లు ఏం చేస్తారు, దానికి నేనేం చేయాలి అని రెండు మూడు ఎత్తుల దాకా లెక్కగట్టి, అవతలివాళ్లు ఎంత బాగా ఆడినా తనకు నష్టం తక్కువగా ఉండే దారిని ఎంచుకోవడం. కంప్యూటర్ చదువుల్లో దీన్ని మినీమ్యాక్స్ అంటారు. 1997లో చదరంగ ప్రపంచ విజేత గారీ కాస్పరోవ్‌ను ఓడించిన ఐబీఎం వారి డీప్ బ్లూ యంత్రం మూలంలో ఉన్నదీ ఈ లెక్కే. బీటెక్ పుస్తకంలో ఎప్పుడో ఎదురయ్యే పాఠం, పులి-మేక చేస్తున్న ఇంటర్ పిల్లకు ఇప్పుడే అక్కరకొస్తుంది.

నియమాలు కుదిరాక ఆటకు ప్రాణం పోయాలి. పులి ఒక చోట మాయమై ఇంకో చోట ప్రత్యక్షమైతే చూసేవాళ్లకు కిక్కు ఉండదు. అది ఎగరాలి, వంపు తిరిగి దిగాలి. ఇంటర్ మొదటి సంవత్సరం ఫిజిక్స్‌లో ప్రక్షేపకం పాఠం చదివారు కదా, అది ఇక్కడ పనికొస్తుంది. మామూలుగా తెర మీద బొమ్మ సెకనుకు 60 సార్లు మారుతుంది. అంటే సుమారు 16 మిల్లీసెకన్లకు ఒకసారి పులి ఎక్కడుందో లెక్క కట్టాలి. ప్రతిసారీ పైకి పోయే వేగంలోంచి గురుత్వం వాటా కొంచెం తీసేస్తారు, మిగిలిన వేగాన్నిబట్టి పులిని జరుపుతారు. అనుభవమున్న డిజైనర్లు ఇక్కడ పాఠ్యపుస్తకానికి చిన్న సవరణ చేస్తారు. పైకి లేచేటప్పుడు గురుత్వం తక్కువ, కిందికి దిగేటప్పుడు ఎక్కువ వేస్తారు. ప్రకృతిలో అలా జరగదు, కాని ఆడేవాళ్లకు దూకు చేతికి అందినట్టు ఉంటుంది. ఈ లెక్కలు బట్టీపట్టి పరీక్ష రాసి మరిచిపోయే పిల్లలు, తమ పులి ఎగరాలంటే అవి తప్పవని తెలిశాక రాత్రి పదింటిదాకా కూర్చుని వేసుకోవడం నేను చూశాను. నాకు ఈ రంగం మీద గౌరవం పెరిగింది అక్కడే.

ఇక పరీక్ష. మీ తాతకో మేనత్తకో ఫోన్ చేతికిచ్చి, ఏమీ చెప్పకుండా పక్కన కూర్చోండి. వేలు ఎక్కడ తడబడిందో, ఎక్కడ "ఇదేంది?" అన్నారో రాసుకోండి. "అట్ల కాదు, ఇట్ల నొక్కు" అని నోరు జారారా, ఆ పరీక్ష చెడిపోయినట్టే. రేపు వెయ్యిమంది ఆడేటప్పుడు ప్రతి ఒక్కరి పక్కనా మీరు కూర్చోలేరు. పులి-మేక బండ మీద ఆడి పెరిగిన పెద్దవాళ్లు ఊళ్లో ఉన్నారు. ఇంతకన్నా మంచి పరీక్షకులు ఏ నగరంలోనూ దొరకరు.

"మా దగ్గర మంచి కంప్యూటర్ లేదు" అనేవాళ్లకు ఒక పాత ముచ్చట. 1984లో మాస్కోలోని సోవియట్ సైన్స్ అకాడమీలో పనిచేసే అలెక్సీ పజిట్నోవ్ టెట్రిస్ ఆట చేశాడు. ఆయన వాడిన ఎలెక్ట్రోనికా 60 అనే కంప్యూటర్‌కు బొమ్మలు చూపించే శక్తే లేదు, అక్షరాలు మాత్రమే చూపించేది. ఆయన బ్రాకెట్ గుర్తులనే పక్కపక్కన పేర్చి దిమ్మెలు చేశాడు. ఆ ఆటను ఇప్పటికీ ప్రపంచమంతా ఆడుతోంది. ఈ రోజు మీ చేతిలోని మామూలు ఫోన్ ఆ కంప్యూటర్ కన్నా ఎన్నో రెట్లు బలమైనది.

పనిముట్లు కూడా ఉచితంగా దొరుకుతున్నాయి. ఆటలు తయారుచేసే సాఫ్ట్‌వేర్‌ను గేమ్ ఇంజిన్ అంటారు. యూనిటీ, అన్‌రియల్, గోడో అనేవి పేరున్నవి. పెద్ద కంపెనీల్లో మొదటి రెండింటి వాడకం ఎక్కువ. అయినా మొదలుపెట్టేవాళ్లకు నేను గోడో చెబుతాను. అర్జెంటీనాకు చెందిన హువాన్ లినియెట్‌స్కీ, ఆరియల్ మంజూర్ దాన్ని తయారుచేసి 2014లో అందరికీ స్వేచ్ఛగా ఇచ్చేశారు. డౌన్‌లోడ్ చిన్నది, పాత కంప్యూటర్‌లో కూడా నడుస్తుంది. ఆండ్రాయిడ్ ఫోన్‌లో వాడే రూపం కూడా ఉంది. 2023 సెప్టెంబరులో యూనిటీ కంపెనీ, ఆట ఎన్నిసార్లు ఇన్‌స్టాల్ అయితే అంత రుసుము కట్టాలని ప్రకటించింది. ప్రపంచమంతా గగ్గోలు పుట్టింది. ఏడాది తరువాత దాన్ని రద్దు చేసుకుంది. ఆ గొడవలో చాలామంది చిన్న తయారీదారులు గోడో వైపు వచ్చారు. ఒక ఇంజిన్‌లో ఒక ఆట పూర్తిచేసినవాళ్లు రెండోదాన్ని తొందరగానే పట్టుకుంటారు కాబట్టి ఈ ఎంపిక దగ్గరే నెలలు గడపొద్దు. త్రీడీ బొమ్మలకు బ్లెండర్, చేతిగీత బొమ్మలకు క్రిటా ఉన్నాయి. అవీ ఉచితమే.

తెలుగులో ఆట చేయాలనుకునేవాళ్లు ఒక చిక్కు ముందే తెలుసుకోవాలి. మన లిపిలో అక్షరాలు పక్కపక్కన నిలబడి ఊరుకోవు. ఒత్తు కిందికి పోతుంది, గుడి పైకెక్కుతుంది. చాలా ఇంజిన్లు ఇంగ్లిష్ అక్షరాల్ని దృష్టిలో పెట్టుకుని కట్టినవి. వాటిలో తెలుగు పెడితే ఒత్తులు విడిపోయి, పొల్లులు బయటపడి, చదవడానికి వీల్లేకుండా తయారవుతుంది. అందుకే కొందరు తెలుగు వాక్యాల్ని బొమ్మలుగా మార్చి అతికిస్తారు. 2023 మార్చిలో వచ్చిన గోడో 4 ఈ అవస్థను చాలావరకు తీర్చింది. ఇలాంటి లిపుల్ని సరిగా కూర్చే హార్ఫ్‌బజ్ అనే వ్యవస్థను అందులో కలిపారు. సరైన తెలుగు ఫాంటు ఇస్తే అక్షరం అక్షరంలా వస్తుంది. మన పిల్లలు తెలుగులో ఆటలు చేయడానికి ఇంతకన్నా అనువైన కాలం ఇంతవరకు లేదు.

పులి-మేక అయిపోయింది అనుకుందాం. రెండో ఆట ఏది? ఇక్కడ నాకు సొంత ఆశ ఒకటి ఉంది. పిట్లం పక్కనే మంజీర మీద నిజాంసాగర్ ఉంది. నవాబ్ అలీ నవాజ్ జంగ్ పర్యవేక్షణలో 1923లో మొదలై 1931లో పూర్తయిన ప్రాజెక్టు. దాని ఆయకట్టులో నీళ్లు వదిలే తీరు చూసినవాళ్లకు తెలుసు. కొన్ని రోజులు వదలడం, కొన్ని రోజులు ఆపడం. కాలువ మొదట్లో ఉన్నవాళ్ల మడి నిండుతుంది, చివర్లో ఉన్నవాళ్లు కట్ట మీద నిలబడి ఎదురుచూస్తారు. తూము తెరవాల్సిన మనిషి స్థానంలో ఆటగాణ్ని నిలబెట్టండి. డ్యామ్‌లో ఇంత నీరుంది, వాన ఎప్పుడొస్తుందో తెలియదు, వరి పొట్ట దశలో ఉంది. ఎవరికి ఎంత వదులుతారు? ఇది వేలకొద్దీ బొమ్మలు అక్కర్లేని ఆట. కాని ఆడేవాళ్లను కుదురుగా కూర్చోనివ్వని ఆట. దాన్ని సరిగా చేయగలిగేది చివరి మడి రైతు బిడ్డే.

కౌలాస్ కోట దగ్గరే ఉంది. ఆ బురుజుల రాళ్లను రకరకాల వెలుగులో ఫోటోలు తీస్తే మీ ఆటలో గోడలకు వాడుకోవచ్చు. ఉమ్మడి నిజామాబాద్ జిల్లా చిందు కళాకారిణి ఎల్లమ్మ ఆడిపాడిన నేల. చిందు యక్షగానంలోని అడుగులు, డప్పు దరువు, ముఖం మీది రంగులు ఏ ఆటకైనా సిరి. అయితే కళాకారుల ఆటనో పాటనో రికార్డు చేసుకుంటే వాళ్లను అడిగి, వాళ్లకు డబ్బు కట్టి, ఆటలో వాళ్ల పేరు వేయండి. ఇందులో బేరం వద్దు.

ఇంటి సంగతి చెబితే లోకం వినదేమోనని సంకోచం పెట్టుకోవద్దు. కెనడాలోని టొరంటోలో విసై గేమ్స్ అనే చిన్న బృందం 2023లో 'వెణ్బా' అనే ఆట విడుదల చేసింది. 1980లలో కెనడాకు వలసపోయిన ఒక తమిళ కుటుంబం కథ అది. ఆటంతా వంటే. చెదిరిపోయిన వంటల పుస్తకంలోని పద్ధతిని ఊహించి ఇడ్లీ వండాలి, బిర్యానీ వండాలి. ఆ వంటల మధ్య తల్లికీ కొడుక్కీ దూరం పెరగడం, తరగడం చూస్తాం. 2024లో అది స్వతంత్ర ఆటల ఉత్సవంలో పెద్ద బహుమతి తెచ్చుకుంది, బ్రిటిష్ బాఫ్టా వారి తొలి ఆట పురస్కారం కూడా అందుకుంది. ఇడ్లీ ఏమిటో తెలియనివాళ్లు కూడా దాన్ని ఆడి కళ్లు తుడుచుకున్నారు.

ఇప్పుడు తల్లిదండ్రుల ప్రశ్నకు వస్తాను. అన్నం దొరుకుతుందా?

ముందు ఒక భయం తీర్చాలి. గేమ్ అనగానే చాలా ఇళ్లలో ఆన్‌లైన్ రమ్మీ గుర్తొస్తుంది. ఆ భయం ఊరికే పుట్టలేదు. డబ్బు పెట్టి ఆడే ఆటల్లో పొలాలు పోయిన ఇళ్లున్నాయి, మనుషులు పోయిన ఇళ్లున్నాయి. తెలంగాణ ప్రభుత్వం 2017లోనే ఆన్‌లైన్ జూదాన్ని నిషేధించింది. 2025 ఆగస్టులో పార్లమెంటు చేసిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టం డబ్బు పందెం ఆటల్ని దేశమంతటా నిషేధించింది. వాటిని నడిపేవాళ్లకు 3 ఏళ్ల దాకా జైలు, కోటి రూపాయల దాకా జరిమానా ఉన్నాయి. అదే చట్టం ఈ-స్పోర్ట్స్‌ను, పందెం లేని ఆటల్ని ప్రోత్సహించాలని కూడా చెబుతోంది. మీ బిడ్డ నేర్చుకోవాలనుకునేది ఈ రెండో దారి. పందెం ఆటలు చేసే చోట ఎవరైనా జీతం ఎక్కువిస్తామన్నా పిల్లలు ఒప్పుకోవద్దు. చట్టం సంగతి అటుంచి, అది చేయదగిన పని కాదు.

ఇక ఉద్యోగాలు. ఫుట్‌బాల్ ఆటలతో ప్రపంచమంతా పేరున్న ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ కంపెనీకి హైదరాబాద్‌లో స్టూడియో ఉంది. కశ్యప్ రెడ్డి, కీర్తి సింగ్ హైదరాబాద్ నుంచి నడిపే హిట్‌వికెట్ క్రికెట్ ఆట చేస్తుంది. బ్యాటు ఊపే వేగం మీద ఆధారపడే ఆట కాదది. జట్టును కూర్చి, ఎత్తుగడ వేసి గెలవాలి. 2020లో కేంద్ర ప్రభుత్వం పెట్టిన ఆత్మనిర్భర్ భారత్ యాప్ పోటీలో గేముల విభాగంలో గెలిచింది. జైనుద్దీన్ ఫహద్ హైదరాబాద్‌లో పెట్టిన ఓగ్రె హెడ్ స్టూడియో 2017లో 'అసుర' అనే కత్తియుద్ధం ఆటను విడుదల చేసింది. చిన్న బృందం, మన పురాణాల ఛాయ ఉన్న లోకం. ఓడిపోతే మళ్లీ మొదటికి రావాలి, వచ్చిన ప్రతిసారీ దారులు మారిపోయి ఉంటాయి. పక్క రాష్ట్రంలోని పుణెలో నోడింగ్ హెడ్స్ బృందం 2020లో 'రాజీ' అనే ఆట తెచ్చింది. గారడీ విద్యలు చేసుకునే ఒక అమ్మాయి, అసురులు ఎత్తుకుపోయిన తమ్ముడి కోసం వెతుకుతూ పోయే కథ. పట్నాలో పుట్టి పెరిగిన వికాస్ జైస్వాల్ 2016లో లూడో కింగ్ తెచ్చాడు. మన పచ్చీసుకు వారసుడైన లూడో, 2020 లాక్‌డౌన్‌లో ఎన్ని కోట్ల ఫోన్లలోకి వెళ్లిందో మీకే తెలుసు.

ఈ పేర్లు చెప్పి ఊరించడం నా ఉద్దేశం కాదు కాబట్టి రెండోవైపు కూడా చెప్పాలి. హైదరాబాద్ పబ్లిక్ స్కూల్‌లో చదివిన సత్య నాదెళ్ల సారథ్యంలో మైక్రోసాఫ్ట్ 2014లో మైన్‌క్రాఫ్ట్ తయారుచేసిన మొజాంగ్‌ను 250 కోట్ల డాలర్లకు కొన్నది. 2023 అక్టోబరులో యాక్టివిజన్ బ్లిజార్డ్‌ను దాదాపు 6,900 కోట్ల డాలర్లకు కొన్నది. ఆ కొనుగోలు జరిగిన మూడు నెలలకే, 2024 జనవరిలో, తన గేముల విభాగంలో 1,900 మందిని తీసేసింది. మరుసటి నెలలో ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ కూడా సిబ్బందిలో 5 శాతం మందిని తగ్గిస్తున్నట్టు ప్రకటించింది. ఈ రంగంలో డబ్బు ఎంత ఉందో ఉద్యోగానికి నిలకడ అంత తక్కువ. అందుకే డిగ్రీ వదిలేసి గేముల వెంట పడమని నేను ఏ పిల్లకూ చెప్పను. ఇక్కడ నేర్చుకున్న కోడింగ్, బొమ్మ, ధ్వని వేరే చోట కూడా పనికొచ్చేలా ఉండాలి. అవి అలా పనికొస్తాయి కూడా. మినీమ్యాక్స్ రాసిన పిల్లకు సాఫ్ట్‌వేర్ ఉద్యోగం దొరుకుతుంది. పులికి నడక నేర్పిన పిల్లవాడికి యానిమేషన్‌లో చోటుంటుంది. ఛోటా భీమ్‌ను పుట్టించిన రాజీవ్ చిలక గ్రీన్ గోల్డ్ సంస్థ కూడా హైదరాబాద్‌దే.

చదువు దారులు మీకు దూరంలో ఏమీ లేవు. పదో తరగతి కాగానే బాసర ట్రిపుల్ ఐటీ ఉంది. గ్రామీణ పిల్లల కోసమే 2008లో మొదలైన విశ్వవిద్యాలయం, ఆరేళ్ల చదువు. పాలిసెట్ రాసి పాలిటెక్నిక్‌లో కంప్యూటర్ బ్రాంచి తీసుకోవచ్చు. ఇంటర్ ఎంపీసీ తరువాత ఎప్‌సెట్ దారి తెలిసిందే. బొమ్మలు వేసే పిల్లలకు ఎంపీసీ అక్కర్లేదు. హైదరాబాద్‌లోని జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ విశ్వవిద్యాలయంలో బీఎఫ్‌ఏ యానిమేషన్ ఉంది, దానికి ఫాడీ అనే ప్రవేశపరీక్ష రాయాలి. మా అమ్మాయికి బొమ్మల పిచ్చి, చదువు ఎక్కదు అని ఆవేదన పడే తల్లులు ఈ పరీక్ష పేరు గుర్తుపెట్టుకోండి. లక్షలు కట్టించుకుని ఉద్యోగం గ్యారంటీ అని చెప్పే ప్రైవేటు కోర్సుల దగ్గర మాత్రం తొందరపడొద్దు. చేరే ముందు, అక్కడ చదివినవాళ్లు తయారుచేసిన ఆటలు చూపించమని అడగండి. చూపించలేకపోతే వెనక్కి వచ్చేయండి.

చాలామందికి ఈ రంగంలో మొదటి ఉద్యోగం పరీక్షకుడిగా దొరుకుతుంది. రోజంతా ఆడుకుంటూ జీతం తీసుకోవచ్చని అనుకోకండి. ఒకే తలుపును వంద రకాలుగా తెరిచి చూడాలి. గోడలోంచి మనిషి దూరిపోయాడంటే ఎక్కడ నిలబడి, ఏం నొక్కి, ఎన్నోసారికి అలా జరిగిందో ఇంగ్లిష్‌లో స్పష్టంగా రాయాలి. ఇంగ్లిష్ సంగతి దాచను, పుస్తకాలూ పాఠాలూ ఎక్కువ అందులోనే ఉన్నాయి. సాహిత్యం రాసేంత అక్కర్లేదు. చిన్న చిన్న వాక్యాల్లో జరిగింది జరిగినట్టు చెప్పగలిగితే చాలు.

ఒంటరిగా చేసి గెలిచినవాళ్లు లేకపోలేదు. అమెరికాలో ఎరిక్ బరోన్ అనే కుర్రాడు కంప్యూటర్ డిగ్రీ చేసి ఉద్యోగం దొరక్క, ఒక థియేటర్‌లో ప్రేక్షకులకు సీట్లు చూపించే పని చేస్తూ నాలుగున్నరేళ్లు ఒక్కడే కూర్చుని స్టార్‌డ్యూ వ్యాలీ చేశాడు. కోడ్, బొమ్మలు, సంగీతం, మాటలు అన్నీ ఆయనవే. అది వ్యవసాయం ఆట. విత్తడం, నీళ్లు పెట్టడం, కోయడం, ఊరివాళ్లతో మంచిగా ఉండటం. 2016లో వచ్చి 4 కోట్లకు పైగా కాపీలు అమ్ముడైంది. ఇలాంటి గెలుపు వేలల్లో ఒకరిది. మిగతావాళ్ల ఆటలు వచ్చినట్టే ఎవరికీ తెలియకుండా పోతుంటాయి. కాబట్టి మొదటి ఆట మీద డబ్బు ఆశ పెట్టుకోవద్దు, అది మీ పనికి రుజువుగా ఉంటే చాలు.

ఆట పూర్తయ్యాక ఎక్కడ పెట్టాలి? ఇచ్ డాట్ ఐఓ అనే సైట్‌లో పెట్టడానికి పైసా ఖర్చు లేదు. గూగుల్ ప్లే స్టోర్‌లో ఒక్కసారి 25 డాలర్లు కట్టి ఖాతా తెరవాలి. కొత్తగా సొంత పేరు మీద ఖాతా తెరిచినవాళ్లు విడుదలకు ముందు కనీసం 12 మందితో వరుసగా 14 రోజులు ఆటను పరీక్షింపజేయాలన్న నియమం కూడా ఉంది. నగరంలో ఒంటరిగా ఉండేవాళ్లకు ఆ 12 మందిని కూడగట్టడమే గగనం. మీకు ఒక తరగతి చాలు. కంప్యూటర్ ఆటల అంగడి స్టీమ్‌లో అయితే ఒక్కో ఆటకు 100 డాలర్లు కట్టాలి. రెండు మూడు ఆటలు చేసి చేయి తిరిగాకే అటు పోండి.

ఉద్యోగానికి దరఖాస్తు పెట్టేటప్పుడు పూర్తయిన ఆటలు మూడుంటే బాగుంటుంది. ఒక్కోదానికి లింకు, నిమిషం నిడివి వీడియో, అందులో మీరు స్వయంగా చేసిందేమిటో నాలుగు వాక్యాలు. స్నేహితులతో కలిసి చేసిన ఆటైతే ఎవరి పని ఎంతో నిజాయితీగా రాయండి, ఇంటర్వ్యూలో మొదట తవ్వేది అక్కడే. కోడ్‌ను గిట్‌హబ్ అనే సైట్‌లో అందరూ చూసేలా పెట్టండి. తప్పులున్నాయని దాచుకోవద్దు. ఎలా ఆలోచించారో చూడటానికే వాళ్లు దాన్ని తెరుస్తారు.

ఏటా జనవరి చివర్లో గ్లోబల్ గేమ్ జామ్ జరుగుతుంది. 2009లో మొదలైన ఈ పండుగలో అందరికీ ఒకే అంశం ఇస్తారు, దాదాపు రెండు రోజుల్లో ఆట చేసి చూపించాలి. దేశంలోని ఆటల తయారీదారులంతా కలిసే ఐజీడీసీ సమావేశం 2022, 2023, 2024 సంవత్సరాల్లో హైదరాబాద్‌లోనే జరిగింది. ఇలాంటి చోట్లకు చేతిలో ఒక ఆట పట్టుకుని వెళ్లండి. అక్కడ మీకు సంగీతం కట్టేవాళ్లు తగులుతారు, బొమ్మలు గీసేవాళ్లు తగులుతారు, మీ ఆటను ఐదు నిమిషాలు ఆడి ఎక్కడ బాగాలేదో మొహమాటం లేకుండా చెప్పే పెద్దవాళ్లు తగులుతారు. వాళ్లు చెప్పింది రాసుకుని ఇంటికొచ్చి, తరువాతి ఆట మొదలుపెట్టండి.